హాల్విన్

బిడ్డ నెత్తిన పోయడానికి దోసిట్లోకి నీళ్లు తీసుకుని, "పేరేంటమ్మా?" అని అడిగాను.

"హాల్విన్," అంది తల్లి.

నార్వేలో, లోఫోటెన్ దీవుల్లోని ఈ రేవులో ముప్పై ఏళ్లుగా పాస్టరుగా ఉన్నాను. ఆ పేరు ఎన్నడూ వినలేదు. వెనక బల్లమీద ఓ ముసలావిడ, "దగ్గుమందు పేరులా ఉంది," అని గొణిగింది.

"మా ఆయన హాల్వర్‌లో సగం, మా మరిది ఐవిన్‌లో సగం," అంది తల్లి.

జనవరి తుఫానులో ఆ అన్నదమ్ముల పడవ తిరగబడింది. ప్రాణాలతో ఒడ్డుకు చేరింది ఐవిన్ ఒక్కడే. పేరు వినగానే అతను అందరి ముందూ ఏడ్చేశాడు.

ప్రార్థన అయ్యాక చర్చి మెట్లమీద వదిన చెయ్యి పట్టుకున్నాడు. నేను పక్కనే ఉన్నాను.

"ఎంత పెద్ద మనసు వదినా నీది! అన్నయ్య పేరొక్కటే పెడతావనుకున్నా. బతికున్నవాడి పేరు పెట్టే ఆనవాయితీ మన రేవులో లేదు కదా."

ఆమె చెయ్యి విడిపించుకుని బిడ్డకు శాలువా సర్దింది.

"శవం కొట్టుకొచ్చినప్పుడు మీ అన్నయ్య నడుముకి మీ ఇద్దర్నీ కలిపి కట్టిన తాడు ఇంకా ఉంది. దాని కొస నేను చూశాను, ఐవిన్. తెగింది కాదది, కత్తితో కోసింది."

"కోయకపోతే ఇద్దరం పోయేవాళ్లం వదినా."

"అయ్యుండొచ్చు. అందుకే ఇన్నాళ్లూ ఎవరికీ చెప్పలేదు." ఆమె ఒక మెట్టు దిగింది. "ఆనవాయితీ కూడా నేను తప్పలేదు. ఆ రోజు నాకు ఇద్దరూ పోయారు. ఇద్దరి పేరూ పెట్టుకున్నాను."