నవ్వు ఆగిన చోటు

గోడ మీద ఆడుతున్న సినిమాలో సురేంద్ర కుండ వెంట పరిగెత్తి బోర్లా పడ్డాడు. బుక్కరాయసముద్రం కుట్టు కేంద్రంలోని ఆడవాళ్ళు విరగబడి నవ్వారు. వాళ్ళలో ఒక్కరికీ చెవులు వినపడవు. మాటల్లేని హాస్య సినిమాకు ఇంతకంటే నికార్సైన పరీక్ష ఏముంటుందని, విడుదలకు ముందు వాళ్ళకే చూపిస్తున్నాడు సురేంద్ర. తీసిందీ, వేషం కట్టిందీ తనే. నాలుగు నవ్వుల కోసం ప్రాణమైనా ఇచ్చే రకం.

అసలు ఘట్టం వచ్చింది. జారిపడిన కుండ కోసం హీరో ఎండిన బావిలోకి దిగుతాడు. గట్టు మీద తాడు పట్టుకున్న ఇద్దరూ అతన్ని మరిచి కబుర్లలో పడతారు. ఆ ఇద్దరూ తమ్ముడు లింగన్న, వాడి బామ్మర్ది రామదాసు. బావి ఉన్న ఉమ్మడి చేను సోలారు కంపెనీ వాళ్ళకు ఇయ్యనని సురేంద్ర మొండికేసినప్పటి నుంచి లింగన్న అన్న ముఖం చూడలేదు. సినిమా అనగానే మాత్రం తనే వచ్చి తాడు పట్టాడు. ఒకే కడుపున పుట్టినవాళ్ళు ఎన్నాళ్ళు ఎడమొహంగా ఉంటారని సురేంద్ర పొంగిపోయాడు. "మైకు లేదప్పా, నోరాడిస్తే చాలు. ఏమన్నా మాట్లాడుకోండి" అని కెమెరా గట్టున నిలబెట్టి బావిలోకి దిగాడు.

ఇప్పుడు ఆ చోటే నవ్వు టక్కున ఆగిపోయింది. అందరూ గోడను వదిలి సురేంద్రనే చూస్తున్నారు. ముందు వరసలోని సువార్త లేచొచ్చి అతని చొక్కా పట్టుకుంది. తన పెదాలు తాకి, గోడను చూపింది.

వీళ్ళకు కూడా డైలాగులు కావాలా అని సురేంద్రకు ఒళ్ళు మండింది. సైగలు విడమరిచి చెప్పే సారా టీచరేమో బ్యాంకుకు పోయింది. చొక్కా విడిపించుకుని బయటికొచ్చి తమ్ముడికి ఫోన్ చేశాడు.

"బావికాడ ఎవరూ నవ్వలేదురా. మళ్ళా తీయల్ల. ఈసారి ఇంకా లోతుకు దిగుతా."

"ఇప్పుడే రాన్నా, మేము చేన్లోనే ఉండాము." లింగన్న గొంతులో హుషారు. "ముందు కెమెరా లేకుండా ఒకసారి దిగి చూడు. బాగుంటే అప్పుడు తీద్దాం."

ఎంత శ్రద్ధ వీడికి! సురేంద్రకు కళ్ళు చెమర్చాయి.

గంట తిరక్కుండానే అతను బావి నడుమ తాడుకు వేలాడుతున్నాడు. కింద బండలు. జేబులో ఫోన్ మోగితే ఒంటిచేత్తో తీసి చెవికి పెట్టుకున్నాడు.

"సార్, నేను సారాను. యాడున్నారు? మావోళ్ళు పెదాలు చూసి మాటలు చదువుతారు సార్. సినిమాలో తాడు పట్టుకున్నోళ్ళలో ఒకాయన, పక్కనాయనతో ఒక మాట అన్నాడంట."

"ఏమన్నాడు?" సురేంద్ర తలెత్తాడు. పైన ఇద్దరూ వంగి చూస్తున్నారు.

"'కెమెరా లేనప్పుడు వదిలేద్దాం.'"