ఎలుకల మాస్టారు

"ఎలుకలా, మనుషులా?"

కొత్త రిపోర్టరు తెచ్చిన వార్త చూస్తూ అడిగారు మాస్టారు. కాలేజీలో ఆయన జర్నలిజం పాఠం చెప్పినప్పుడూ ఇదే ప్రశ్న, ఇప్పుడీ పేపరాఫీసులో సైన్స్ పేజీ దిద్దుతున్నప్పుడూ ఇదే ప్రశ్న. ప్రయోగం దేనిమీద చేశారో చెప్పకుండా మందు గురించి ఒక్క ముక్క రాసినా ఊరుకోరు. ఎలుకల మాస్టారని పిల్లలు ఊరికే పేరు పెట్టలేదు.

"ఎలుకలే సార్."

"మరి 'కండరాల క్షీణతకు మందు దొరికింది' అని రాశావేంటి?"

న్యూస్ ఎడిటర్‌కి ఆ హెడ్డింగు తెగ నచ్చిందనీ, అదే ఉంటే మొదటి పేజీలో తన పేరుతో వేస్తానన్నారనీ గబగబా చెప్పేసింది. ఉద్యోగంలో చేరాక మొదటి పేజీలో పేరు రావడం ఇదే మొదటిసారి. పొద్దున్నే అమ్మకి ఫోన్ కూడా చేసేసింది. అమ్మ ఈపాటికి వీధి వీధంతా చాటింపు వేసే ఉంటుంది.

మాస్టారు పెన్ను తీసి హెడ్డింగు అడ్డంగా కొట్టేశారు. ఆమె ప్రాణం ఉసూరుమంది.

"కాస్త ఆశ కల్పిస్తే తప్పేంటి సార్? పాపం, రోగులు సంతోషిస్తారు కదా."

"సంతోషిస్తారు. ఇంట్లోవాళ్లు పేపరు పట్టుకుని మందుల షాపుకి పరిగెడతారు. అలాంటి మందే లేదంటాడు వాడు. ఇంకో షాపుకెళ్తారు, అక్కడా లేదంటారు. ఇంటికొచ్చి మంచంలో ఉన్న మనిషికి ఏం చెప్పాలి? నువ్వెళ్లి చెప్తావా?"

గొంతు పెంచలేదు. అయినా చుట్టుపక్కల కీబోర్డులన్నీ ఒక్కసారి ఆగిపోయాయి. ఆమె తల వంచుకుని సీట్లోకి వెళ్లి కూర్చుంది. ఆశంటే ఏంటో ఈ మనిషికేం తెలుసులే అని లోపల్లోపలే తిట్టుకుంటూ మళ్లీ రాసింది. 'ఎలుకల్లో ఫలించిన తొలి ప్రయోగం. మనుషులపై పరీక్షలకు ఇంకా ఏళ్లు పట్టొచ్చు.'

మాస్టారు చదివి, ఇప్పుడిది వార్త అన్నారు. న్యూస్ ఎడిటర్ పెదవి విరిచి, ఆ చోట్లో క్రికెట్ ఫొటో పెట్టుకున్నాడు. ఆమె వార్త లోపలి పేజీలో ఓ మూలకి సర్దుకుంది. పేజీ ప్రెస్సుకి వెళ్లిపోయింది.

అమ్మకి ఏం చెప్పాలా అనుకుంటూ బ్యాగు సర్దుకుంటుంటే మాస్టారు పిలిచారు. ప్రింటరు పక్కన ఒక్కరే నిలబడి ఉన్నారు.

"నువ్వు మొదట రాసిన కాపీ ఉందా, తీసేశావా?"

"ఉంది సార్. ఇప్పుడే తీసేస్తాను."

"వద్దు. ఒక ప్రింటు ఇవ్వు."

వార్త ఎలా రాయకూడదో చెప్పడానికి రేపు కాలేజీ క్లాసులో అందరి ముందూ చూపిస్తారు కాబోలు. క్లాసులో మాత్రం వద్దు సార్ అని బతిమాలింది. మాస్టారు కాదన్నట్టు తల ఊపారు.

"మా ఆవిడకి ఆ జబ్బే. పేపరు పట్టుకోవడానికి చేతులు లేవవు. రోజూ నేనే చదివి వినిపిస్తాను."

ప్రింటరులోంచి మెల్లగా బయటికొస్తున్న కాగితాన్ని చూస్తూ, ఇంకా నెమ్మదిగా అన్నారు.

"కాగితం చూడకుండా అబద్ధం చెప్పడం నాకు చేతకాదమ్మా."