మొదటి చప్పట్లు

జపాన్ టీవీ షూటింగుల్లో ఎవరి ఆఖరి షాట్ అయిపోతే వాళ్లకు పూలగుత్తి ఇస్తారు. ముప్పై ఏళ్లుగా సీరియళ్లు తీస్తున్న దర్శకుడు హయసాకా యూనిట్లో ఇంకో ఆనవాయితీ కూడా ఉంది. మొదటి చప్పట్లు దర్శకుడివే. ఆ తర్వాతే మిగతావాళ్లవి.

ఈసారి షూటింగ్ జర్మనీలోని మాగ్డెబర్గ్‌లో, ఎల్బే నది ఒడ్డున. పూలు తెచ్చే పని గీతికది. ఎమ్మెస్ చదువుతూ ఇక్కడ మినీజాబ్ అనే పార్ట్‌టైమ్ పని చేస్తోంది.

ఆవేళ ఆమె తెచ్చిన పూలగుత్తి చూసి హయసాకా ఇంగ్లీషులో అడిగాడు. "ఎవరికివి? సీరియల్ సగం కూడా కాలేదే!"

"తెలీదు సర్. టోక్యో ఆఫీసు వాళ్లు ఫోన్ చేసి కొనమన్నారు. పేరు చెప్పలేదు."

ఆయన యూనిట్ వైపు చూశాడు. అందరూ తలలు దించుకున్నారు. కెమెరామన్ తుడిచిన లెన్సునే మళ్లీ తుడుస్తున్నాడు.

హయసాకా కెమెరా దగ్గరికి నడిచాడు. బాగా వచ్చిన షాట్‌నే మళ్లీ మళ్లీ తీయించాడు. వెలుగు పూర్తిగా పోయాక, ఇక తప్పక "ఓకే" అన్నాడు.

"ఇలా ఇవ్వమ్మా. అవి నాకే. మిగతాది ఇంకెవరో తీస్తారు."

గీతిక ఇచ్చింది. ఆయన వంగి, రెండు చేతులా అందుకున్నాడు.

యూనిట్ అంతా ఎప్పటిలాగే మొదటి చప్పట్ల కోసం ఎదురుచూస్తూ నిలబడింది.