గోడ మీద సుద్దరాత

1889 నవంబరులో ఒక సోమవారం, తెల్లవారిన కాసేపటికి, బ్రాడ్‌ఫర్డ్‌లోని క్రాబ్‌ట్రీ మిల్లు ముందు ఎస్తర్ థ్వైట్ అనే నేత కార్మికురాలు తలకు దెబ్బ తగిలి పడిపోయింది.

అప్పటికి సమ్మె మొదలై నెల దాటింది. కూలి తగ్గించిన యజమాని పొరుగూళ్ళ నుంచి కొత్తవాళ్ళను దించాలని చూస్తున్నాడు. వాళ్ళు లోపలికి వెళ్తే సమ్మె ముగిసినట్టే.

మిల్లుకు రెండు గేట్లు. రెండూ కాయడానికి జనం చాలరు.

ఆ లోటు అంతవరకు తెలియలేదు. కొత్తవాళ్ళను తెచ్చే బండ్లు ఏ గేటుకు వస్తాయో ముందురోజు రాత్రే ఎవరో ముందు గేటు పక్క గోడ మీద సుద్దతో రాసిపోయేవారు. ఒక్కసారీ తప్పలేదు.

ఆ ఉదయం గోడ మీద ఏమీ లేదు. రాత్రంతా అక్కడ పోలీసు నిలబడ్డాడు. అతను అప్పుడే వెళ్ళాడు.

"ఎటు కాద్దాం అక్కా?" తోటి కార్మికురాలు లిడియా అడిగింది.

సమ్మె నడిపిస్తున్న కెజియా సగ్డెన్ ఖాళీ గోడను చూసింది. "ముందు గేటే. అందరూ ఇక్కడే ఉండండి."

గేటుకు ఎదురుగా, వీధి ఇవతల నిలబడ్డ వాళ్ళ ముందుకు పక్క సందులోంచి ఎస్తర్ వచ్చింది. తల మీద శాలువా కప్పుకుని, వీళ్ళకు వీపు పెట్టి, గేటువైపు గబగబా నడుస్తోంది.

"అదుగో, మహారాణి," అంది గుంపులో ఒకామె.

"మగ్గాల దగ్గర ఒకటే కబుర్లు. వీధిలోకొస్తే మూగనోము."

"ఆ మోతలో పెదవులు చూసి మాట్లాడుకోవడం మనందరికీ అలవాటేగా. బయట పలకరిస్తే దీని సొమ్మేం పోయింది?"

"వచ్చి రెండు నెలలు. ఏ ఊరిదో ఎవరికి తెలుసు? ఇళ్ళకు కప్పులు వేయకముందే జనం దిగిపోతున్నారు ఈ ఊళ్ళో."

"రోజూ సాయంత్రం ఆఫీసు కిటికీకి ఎదురుగా నిలబడి దొర మొహమే చూస్తుంటుంది," అంది లిడియా. "నా కళ్ళతో చూశాను."

"పనిలోకి పోతోందే!"

కెజియా ముందుకొచ్చింది. "ఎస్తర్! ఆగు!"

ఎస్తర్ ఆగలేదు.

"ఒసేయ్, నిన్నే! గేటు దాటావంటే మర్యాద దక్కదు!" కెజియా మళ్ళీ కేకేసింది.

తల కూడా తిప్పలేదు.

"చూశావా పొగరు?" లిడియా వంగి కాలి చెక్కజోడు తీసింది. దాని అడుగున ఇనప పట్టీ ఉంది.

కెజియా వద్దనలేదు. మూడోసారి పిలిచింది. "ఎస్తర్!"

లిడియా విసిరిన జోడు వెళ్ళి ఎస్తర్ తల వెనక తగిలింది. ఆమె పడిపోయింది. నుదురు రాతి అంచుకు కొట్టుకుంది.

జనం చుట్టూ మూగారు. ఎవరో నీళ్ళకు పరిగెత్తారు.

అప్పుడే వెనక గేటువైపు బండి చక్రాల చప్పుడు వినిపించింది.

"అటు పదండి!" కెజియా అరిచింది. వాళ్ళు వెళ్ళేసరికి గేటు మూసి ఉంది. కాసేపటికి లోపల మగ్గాలు మోగడం మొదలైంది.

కెజియా తిరిగి వచ్చింది. లిడియా ఒక కాలికే జోడుతో ఎస్తర్ పక్కన కూర్చుని ఉంది.

"అక్కా, దీని చెయ్యి చూడు."

ఎస్తర్ కుడిచేయి బిగిసి ఉంది. కెజియా వేళ్ళు ఒక్కొక్కటే విప్పింది.

లోపల సుద్దముక్క.

"గేటుకి కాదు," అంది లిడియా. "గోడ దగ్గరికి పోతోంది."

కెజియా ఆఫీసు కిటికీవైపు చూసింది. అద్దం వెనక యజమాని క్రాబ్‌ట్రీ ఎవరితోనో మాట్లాడుతున్నాడు. పెదవులు కదులుతున్నాయి. అంత దూరం నుంచి ఆమెకు ఒక్క మాటా అందలేదు.

బుధవారం ఆసుపత్రిలో ఎస్తర్ చనిపోయింది. హాలిఫాక్స్ నుంచి చెల్లెలు రూత్ వచ్చింది.

"ఆగమని పిలిచానమ్మా," అంది కెజియా. "మూడుసార్లు పిలిచాను."

"ముందునుంచా, వెనకనుంచా?"

"వెనకనుంచి."

రూత్ తన అక్క శాలువాను మడతపెట్టి ఒళ్ళో పెట్టుకుంది.

"ఐదో ఏట జ్వరం వచ్చినప్పటి నుంచి అక్కకు చెవులు వినపడవు."