టోపీలు తీయండి

"కదలకయ్యా! చెవికి అంటుకుంటోంది," విసుక్కుంది ఐవీ.

ఆంబ్రోస్ కుదురుగా కూర్చుంటేగా! కాళ్ళు రెండూ ఊగిపోతున్నాయి. బూటుపాలిష్‌లో ఇన్ని నీళ్ళు కలిపి, మొగుడి నెరిసిన జుట్టుకి పట్టిస్తోంది ఐవీ. సిడ్నీ రేవులో అతనికి పని దొరక్క తొమ్మిది వారాలైంది. ఇవాళ కూడా దొరక్కపోతే, సోమవారం నుంచి పన్నెండేళ్ల కూతురు ఎల్సీ బడి మానేసి జామ్ ఫ్యాక్టరీకి పోవాలి.

"వాన పడితేనో?"

"ఆ నోటితో అనకు! బయల్దేరు."

రేవు గేటు దగ్గర మూడొందల మంది వరసకట్టారు. పని ఇరవై మందికే. ఎంచుకునేది మేస్త్రీ క్విల్టీ.

"టోపీలు తీయండి!" అని అరిచాడు క్విల్టీ.

తన టోపీ మాత్రం చెవులదాకా లాక్కుంటాడు. గవర్నరు ఎదురైనా తీయడని చెప్పుకుంటారు. ఎండైనా వానైనా జేబురుమాలుతో మెడ తుడుచుకుంటూనే ఉంటాడు. నెరిసిన తల కనబడితే చాలు, మండిపడతాడు.

"నువ్వెందుకొచ్చావు తాతా? పోయి మనవళ్ళని ఆడించుకో!"

వరసలో ముందున్న ముసలాయన తలొంచుకుని వెళ్ళిపోయాడు. అప్పుడే చినుకులు మొదలయ్యాయి.

ఆంబ్రోస్ నెత్తి తడిసింది. మెడ మీద ఏదో జారుతోంది. తుడుచుకుంటే చెయ్యి నల్లబడుతుంది, ఊరుకుంటే కాలరు నల్లబడుతుంది. పారిపోదామనుకున్నాడు. ఎల్సీ గుర్తొచ్చి ఆగిపోయాడు.

క్విల్టీ ఎదురుగా వచ్చి నిలబడ్డాడు.

"చూడండ్రా, మామ కరిగిపోతున్నాడు!" వెనక ఎవడో కిసుక్కుమన్నాడు.

క్విల్టీ నవ్వలేదు. "వయసెంత?"

"ముప్ఫై... ముప్ఫై తొమ్మిది, మేస్త్రీ గారూ."

"ఓహో. నాదీ అంతే."

కాసేపు ఆంబ్రోస్ మెడకేసే చూశాడు. తర్వాత గొంతు తగ్గించాడు.

"ఓడ అడుగున గోధుమ బస్తాలున్నాయి. అక్కడంతా చీకటి, నీ తల ఎవడికీ కనపడదు. పో లోపలికి!" జేబురుమాలు తీసి ఆంబ్రోస్ చేతిలో కుక్కాడు. "ముందు ఆ మెడ తుడుచుకో."

గేటు దాటాక ఆంబ్రోస్ రుమాలు మడత విప్పాడు.

ఇంకా మెడకి ఆనించనైనా లేదు, అప్పటికే దాని నిండా బూటుపాలిష్ వాసన కొడుతున్న నల్లటి మరకలు.