ఆకులో, ఎముకలో, ఇనుములో

పుస్తకం అచ్చు ప్రతిని నాలుగోసారి తిరగేసినా ఆమెకి తన పేరు కనబడలేదు. చివరి పేజీలో ప్రొఫెసర్ పంతొమ్మిది మందికి కృతజ్ఞతలు చెప్పుకున్నాడు. భార్య ఉంది, బావమరిది ఉన్నాడు, టైపు చేసినతను ఉన్నాడు. రాసేటప్పుడు కాళ్ళ దగ్గర పడుకున్నందుకు పెంపుడు కుక్క కూడా ఉంది.

ఆమె ఆ కాలేజీలో మైక్రోస్కోపు గది చూసే టెక్నీషియన్. పదకొండేళ్ళుగా తాత్కాలిక ఉద్యోగమే. రోజూ పై అద్దాలు, నెలకోసారి కెమెరా విప్పి లోపలి అద్దం శ్రద్ధగా తుడుస్తుందని అందరూ అద్దాలమ్మ అని పిలిచేవారు. ఆ గదికి అన్ని శాఖల వాళ్ళూ వస్తారు. ఒకరు ఆకు తెస్తే ఇంకొకరు ఎముక, మరొకరు ఇనుప ముక్క తెస్తారు. వాటిని పల్చగా కోసో, నున్నగా అరగదీసో ఫొటోలు తీసివ్వడం ఆమె పని.

రెండేళ్ళ కిందట వానాకాలంలో కూతురికి టైఫాయిడ్ వచ్చి నెలన్నర సెలవు పెట్టింది. తిరిగొచ్చేసరికి బల్ల నిండా పని. అందరూ తొందరపెడుతుంటే వచ్చిన పూటే ఆకు పెట్టి ఫొటో తీసింది. ఆకు ఈనెల మధ్య దారాల్లాంటి సన్నటి వల కనబడింది. మర్నాడు ఎముకలోనూ అదే వల. సాయంత్రానికి ఇనుములోనూ అదే.

మూడు ఫొటోలూ పక్కపక్కన పెట్టి ప్రొఫెసర్‌ని పిలిచింది.

"సార్, ఆకు, ఎముక పెరిగేవి కాబట్టి సరే. ఇనుము కొలిమిలోంచి వచ్చింది కదా. దీనికి కూడా అదే వల ఎందుకుంది?"

ఆయన కూర్చోవడం కూడా మర్చిపోయి చూశాడు.

"ఇంకెవరికైనా చెప్పావా?" అన్నాడు.

ఆ రోజు నుంచి మైక్రోస్కోపులో ఒక్క స్క్రూ కూడా కదపకూడదన్నాడు. ఈ అమరికలో దొరికింది కాబట్టి ఈ అమరిక ఇలాగే ఉండాలట. ఆమె పైపైన తుడిచి ఊరుకునేది. రాయి, వెంట్రుక, గుడ్డు పెంకు, గవ్వ, ఒక్కొక్కటీ పెట్టి ఎనభై ఫొటోలు తీశారు. రోజులు గడిచేకొద్దీ వల ఇంకా చిక్కగా కనబడింది. చూడటం అలవాటైన కంటికి అలాగే తెలుస్తుందని ఆయన చెబితే ఆమె నమ్మింది. రాళ్ళ శాఖ మాస్టారు తన మైక్రోస్కోపులో వల గిల కనబడలేదంటే, మీకు రాళ్ళు కొట్టడం వచ్చు గాని చూడటం రాదని ప్రొఫెసర్ నలుగురిలో ఆయన పరువు తీశాడు. తర్వాత ప్రొఫెసర్ కోసం వచ్చేపోయే పెద్దవాళ్ళు ఎక్కువయ్యారు. వాళ్ళకి ఉక్కపోస్తుందని మైక్రోస్కోపు గదిలో ఏసీ విప్పించి తన గదిలో పెట్టించుకున్నాడు.

ఇంట్లో అత్తగారు మాత్రం, మా కోడలు ఇనుముక్కూడా ఈనెలు తీస్తుందని నవ్వేది. కూతురు తన క్లాసంతా చెప్పుకుంది, అమ్మ పేరు పుస్తకంలో వస్తుందని. పర్మనెంటు ఉద్యోగానికి దరఖాస్తు పెట్టాలంటే అచ్చయిన పరిశోధన ఒక్కదాంట్లోనైనా పేరుండాలి. ఆ ఉద్యోగానికి వయసు పరిమితి కూడా వచ్చే నెలతో దాటిపోతుంది.

ఆమె అచ్చు ప్రతి పట్టుకుని ప్రొఫెసర్ గదికి వెళ్ళింది. లోపల చల్లగా ఉంది.

"సార్, నా పేరు పడలేదు."

"ఎక్కడ?" అన్నాడు తలెత్తకుండా.

"ఎక్కడా పడలేదు సార్. మొదట చూసింది నేనే కదా."

"చూడటం వేరు, కనిపెట్టడం వేరమ్మా. చంద్రుణ్ణి అందరూ చూస్తారు."

ఆమె చివరి పేజీ తెరిచి ఆయన ముందు పెట్టింది.

"కుక్క పేరుంది సార్."

ఆయన పెన్ను కింద పెట్టాడు. "నీ పని అద్దాలు తుడవడం. రేపు పొద్దున్న తొమ్మిది మంది పెద్దవాళ్ళు స్వయంగా చూడటానికి వస్తున్నారు. వెళ్ళి తుడువు. ఒక్క మరక కనబడినా ఊరుకోను."

మైక్రోస్కోపు గదిలో కూతురు స్కూలు బ్యాగు ఒళ్ళో పెట్టుకుని స్టూలు మీద కూర్చుని ఉంది. చెమ్మకి ఉబ్బిన గోడకి ఆనుకోకుండా ముందుకి వంగి కూర్చుంది.

"ఏ పేజీలో ఉందమ్మా?"

"తర్వాత చెప్తాను," అని ఆమె గుడ్డ తీసింది.

పై అద్దాలు తుడిచింది. తర్వాత కాసేపు ఆగి, కెమెరా స్క్రూలు విప్పింది. తుడవమన్నాడుగా. రెండేళ్ళుగా ముట్టుకోని లోపలి అద్దాన్ని, ఇదివరకు నెలనెలా తుడిచినట్టే, మధ్యలోంచి అంచుల దాకా గుండ్రంగా తుడిచింది. కళ్ళలో నీళ్ళు అడ్డం పడి ఏమీ సరిగ్గా కనబడలేదు. గుడ్డని గుప్పిట్లో నలిపి పట్టుకుని, ఒంటి చేత్తోనే కెమెరా మళ్ళీ బిగించింది.

"అమ్మా, ఒక్కసారి నీ వల చూపించవా? రేపు మా టీచర్‌కి చెప్పాలి."

మొట్టమొదటి ఆకు ఇంకా పెట్టెలోనే దాచుకుంది. అది తీసి పెట్టి, తెర కూతురి వైపు తిప్పింది. కూతురు దగ్గరికి జరిగి చూసింది.

"ఎక్కడ?"

ఆమె వంగి చూసింది. ఆకు తీసి ఎముక పెట్టింది. ఎముక తీసి, కింది దీపం ఆపి, పై దీపం వేసి, ఇనుము పెట్టింది.

"ఎక్కడుందమ్మా?"

ఆమె మెల్లగా గుప్పిట విప్పింది.

గుడ్డ నిండా బూజు.