ఫ్రిజ్ అద్దె

ఫ్రిజ్‌లు చలికాలంలో పాడవవు. అప్పుడు పాడైతే ఎవరూ పట్టించుకోరని వాటికీ తెలుసు. గుమాస్తాగారింట్లో ఫ్రిజ్ కూడా ఎండలు ముదిరేదాకా ఓపిగ్గా ఆగి, అప్పుడు మూలపడింది.

సరిగ్గా అప్పుడే ఆయన భార్య ఫోనులో చూసి చల్లటి పళ్ళ సూపు నేర్చుకుంది. ఖర్బూజా గుజ్జు, నారింజ రసం, కాస్త పెరుగు, నిమ్మకాయ, పుదీనా మిక్సీలో తిప్పి పొద్దున్నే ఫ్రిజ్‌లో పెట్టాలి. మధ్యాహ్నం భోజనంలోకి అమృతంలా ఉంటుంది. చల్లబడకపోతే మాత్రం అది సూపు కాదు, దగ్గు మందు. అందుకని ఆ గిన్నె రోజూ పొద్దున ఎదురు ఫ్లాటులో టైలరమ్మ ఇంటికి వెళ్ళడం, మధ్యాహ్నం తిరిగి రావడం మొదలైంది.

"మెకానిక్‌ని పిలుస్తానంటే వద్దంటావు. ఎదుటివాళ్ళ ఫ్రిజ్‌లో మన గిన్నె ఏమిటి, పరువు తక్కువ," అన్నాడు గుమాస్తా.

"అయితే వీధి చివర ఐసు అమ్ముతారు. రోజూ తెచ్చిపెట్టండి, గిన్నె ఐసులో పెడతాను."

"ఐసు కోసం ఈ ఎండలో అంత దూరం నడవడానికి నాకేమైనా పిచ్చా?"

చర్చ అంతటితో ముగిసింది. పరువైనా వదులుకుంటాడు గానీ ఫ్యాను కింద చోటు వదులుకునే మనిషి కాదాయన.

నిజానికి టైలరమ్మ తలుపు తియ్యడమే విడ్డూరం. వేసవి మొదట్లో ఆవిడ ఒక్కగానొక్క కూతురు జ్వరంతో పోయింది. అప్పటినుంచి ఆ ఇంట్లో మిషను చప్పుడు లేదు. ఓదార్చడానికి వచ్చినవాళ్ళు బెల్లు కొట్టి కొట్టి, తలుపుకే నాలుగు మంచి మాటలు చెప్పి వెళ్ళిపోయేవారు. ఎవరైనా భోజనం తెచ్చినా గుమ్మంలోనే ఉండిపోయేది. గుమాస్తా కూడా ఒకసారి వెళ్ళి, ధైర్యంగా ఉండాలమ్మా అని తలుపుతో చెప్పి, బాధ్యత తీరిందని వచ్చి కునుకు తీశాడు.

గిన్నె సంగతి వేరు. ఓదార్పుకి తలుపు తియ్యకపోయినా ఫర్వాలేదు, ఎదురింటివాళ్ళ సూపు పాడైపోతుందంటే తియ్యక తప్పదు. గిన్నె లోపలికి తీసుకెళ్ళేదీ, మళ్ళీ తెచ్చిచ్చేదీ టైలరమ్మే. గుమాస్తా భార్య ముందుగదిలో చతికిలబడి, ఇది ఫ్రిజ్ అద్దె అంటూ ఒక కప్పు ఆవిడ చేత తాగించి గానీ లేచేది కాదు. ఇక్కడ కంచం ముందు కూర్చున్న మొగుడి సంగతి ఎవరికీ పట్టలేదు.

ఓ సెలవు రోజు భార్య తలస్నానానికి వెళ్ళింది చూసి ఆయన మెకానిక్‌ని తెచ్చేశాడు. మెకానిక్ ఫ్రిజ్‌ని జరిపి, వెనక్కి తొంగిచూసి, తర్వాత గుమాస్తా మొహంలోకి చాలాసేపు చూశాడు. ప్లగ్గు ఊడదీసి ఉంది. దుమ్ము పట్టకుండా దానికి ప్లాస్టిక్ కవరు తొడిగి, రబ్బరు బ్యాండు కూడా వేసి ఉంది.

"నేను కింద టీ తాగుతుంటాను సార్," అన్నాడు మెకానిక్. "మీరూ మీరూ మాట్లాడుకోండి."

తడిజుట్టుతో వచ్చిన భార్య గోడ దగ్గర్నుంచి జరిపిన ఫ్రిజ్‌ని చూసింది, ఆయన చేతిలో ప్లగ్గుని చూసింది. దాన్ని తీసుకుని మళ్ళీ కవరు తొడిగింది.

"వదినకి చెప్పకండి. మన ఫ్రిజ్ బాగానే ఉందని తెలిస్తే మళ్ళీ తలుపేసేసుకుంటుంది," అంది. "మొదట్లో రుచి కూడా చూడకుండా మింగేసేది. నిన్న నిమ్మకాయ ఎక్కువైందని వంక పెట్టిందండీ."

ఏమీ తోచనప్పుడు ఆయన సాయం చేస్తాడు. ఇవాళ గిన్నె నేను తెస్తాలే అని, వేళ కాకముందే ఎదురింటికి బయల్దేరాడు.

తలుపు ఓరగా వేసి ఉంది. రెండుసార్లు పిలిచినా పలుకు లేదు. తోసుకుని లోపలికి వెళితే మనిషి లేదు. మిషను మీద సగం కుట్టిన చిన్న గౌను, అందులోనే దిగిపోయి ఉన్న సూది. ఆయన చూపు తిప్పుకుని గబగబా వంటింట్లోకి నడిచి, గిన్నె తీసుకుపోదామని ఫ్రిజ్ తెరిచాడు.

లోపల లైటు వెలగలేదు. ఖాళీ అరలు. చెయ్యి పెడితే వెచ్చగా ఉంది.

గిన్నె నేల మీద ఉంది. బట్టలు నానబెట్టే టబ్బులో, గోనెపట్టా కప్పుకుని, కరిగిపోతున్న ఐసు మధ్య కూర్చుని ఉంది.

వెనక చెప్పుల చప్పుడైంది. టైలరమ్మ. ఎండకి మొహం కమిలిపోయింది, చేతిలో ఐసు సంచిలోంచి చీర కుచ్చెళ్ళ మీదకి నీళ్ళు కారుతున్నాయి.

"పాప పోయిన వారంలోనే అదీ ఆగిపోయింది అన్నయ్యగారూ. బాగుచేయించాలనిపించలేదు," అంది. సంచి దించి, ఐసు గిన్నె చుట్టూ సర్దింది. "మొదటిరోజే చెబుదామనుకున్నాను, నోరు రాలేదు. వదినకి చెప్పకండి. తెలిస్తే గిన్నె ఇంకో ఇంటికి తీసుకుపోతుంది."

ఆ ఇంట్లో చెప్పొద్దన్నారు, ఈ ఇంట్లోనూ చెప్పొద్దన్నారు. గిన్నె తీసుకుని బయటికొచ్చిన గుమాస్తా రెండు గుమ్మాల మధ్య నిలబడిపోయాడు. మెకానిక్ రెండో టీ కూడా అయిపోయి, పైకి రమ్మంటారా అని కిందినుంచి కేకేస్తున్నాడు.

అయ్యా, అమ్మా, మెకానిక్‌ని రమ్మనమంటారా, పొమ్మనమంటారా? కాస్త త్వరగా చెప్పండి, సూపు వేడెక్కిపోతోంది.